మేడ మీద సొరపాదు: నీళ్లు ఎన్ని పోయాలి, పిందెలు ఎందుకు రాలుతున్నాయి?

తీగమల్లి (నాగోల్, హైదరాబాద్)

అందరికీ నమస్కారం. మా మేడ మీద సొర, బీర, కాకర వేశాం. 24 అంగుళాల గ్రో బ్యాగులు. ఎర్రమట్టి, మాగిన పశువుల ఎరువు, కొంచెం కోకోపీట్ (కొబ్బరి పీచు పొట్టు) కలిపి నింపి, సంక్రాంతి తర్వాత విత్తనాలు పెట్టాం. ఇప్పుడు సొర పందిరంతా అల్లుకుంది. చూడటానికి బాగుంది కానీ రెండు సంగతులు టెన్షన్ పెడుతున్నాయి.

మధ్యాహ్నం పన్నెండు దాటగానే సొర ఆకులన్నీ వాలిపోతున్నాయి. పొద్దున, మధ్యాహ్నం, సాయంత్రం మూడు పూటలా నీళ్లు పోస్తున్నా అంతే. ఇంకోటి, ఆడపూలు వస్తున్నాయి గానీ పిందె వేలెడంత కాకముందే కొసన పసుపు తిరిగి, కుళ్లి రాలిపోతోంది. మా అత్తగారు నీళ్లు చాలకే పిందె నిలవట్లేదంటున్నారు. పక్కింటావిడ నీళ్లు ఎక్కువయ్యాయంటున్నారు. ఎవరి మాట వినాలి? మాది బోరు నీళ్లు.

ఓరుగల్లు అక్క (హనుమకొండ)

సాయంత్రం ఆరు గంటలకు ఆకులు ఎట్లా ఉంటున్నాయమ్మా? మట్టి పైన ఎట్లా ఉంది? ఈ రెండూ చెప్పకుండా నీళ్ల సంగతి ఎవరు చెప్పినా అది ఊహే.

తీగమల్లి

సాయంత్రానికి లేచి నిలబడుతున్నాయి అక్కా. పొద్దున చూస్తే చక్కగా ఉంటాయి. మట్టి పైన తడిగానే ఉంటుంది, ఒక బ్యాగులో పచ్చగా నాచు కూడా కట్టింది.

గోదారి గట్టు (కొవ్వూరు)

నేలలో పెంచేవాళ్ల మాట ఒకటి చెబుతాను. మా పెరట్లో ఆనప (సొర) పాదుకి చుట్టూ మూరెడు వెడల్పున పళ్లెంలా కట్టి, అందులో గెత్తం వేసి, పైన ఎండుగడ్డి పరుస్తాం. ఎండాకాలంలో మూడు నాలుగు రోజులకి ఒకసారి పాదు నిండా నీళ్లు పెడతాం, అంతే. వేరు లోపలికి దిగుతుంది కాబట్టి ఆగగలుగుతుంది. బ్యాగులో ఆ వెసులుబాటు ఉండదు, నిజమే. కానీ రోజుకి మూడుసార్లు అంటే మొక్కకి ఊపిరి ఆడనివ్వడం లేదేమో చూడండమ్మా.

ఉద్యాన మిత్ర (తాడేపల్లిగూడెం)

తీగమల్లి గారూ, మీవి రెండు వేర్వేరు సమస్యలు. మొదటిది నీళ్లది. రెండోది చాలావరకు నీళ్లది కాదు.

సొర ఆకు వెడల్పుగా, పలచగా ఉంటుంది. ఎండ నడినెత్తికి వచ్చినప్పుడు ఆకు నుంచి ఆవిరయ్యే నీరు, వేరు పైకి పంపగలిగే నీటికంటే ఎక్కువ. అందుకే మట్టిలో తడి ఉన్నా ఆ కాసేపు ఆకు వాలుతుంది. ఎండ తగ్గాక తనంతట తానే లేస్తే మొక్కకి ఏమీ కాలేదని అర్థం. ఆ వేళలో నీళ్లు పోయడం వల్ల ఒరిగేది లేదు. తెల్లవారి చూసినప్పుడు కూడా వాలి ఉంటేనే ఆలోచించాలి. అప్పుడు మట్టిలో వేలు పెట్టి చూడండి. రెండో కణుపు దాకా పొడిగా ఉంటే దాహం. తడిగా ఉండి కూడా వాలిందంటే వేరు కుళ్లుతున్నట్టు. పైకి రెండూ ఒకేలా కనిపిస్తాయి, చెయ్యాల్సింది మాత్రం పూర్తిగా ఉల్టా.

నాచు కట్టిందన్నారు కాబట్టి పై మట్టి ఎప్పుడూ ఆరట్లేదు. అలాగని అడుగు తడుస్తోందన్న నమ్మకం కూడా లేదు. కొంచెం కొంచెంగా మూడుసార్లు పోస్తే పై నాలుగంగుళాలే తడుస్తాయి. వేళ్లు తడి ఉన్నచోటే తిరుగుతాయి కాబట్టి అక్కడే ఉండిపోతాయి. ఎండకి ముందు కాలేది ఆ పై పొరే.

నా సలహా: పొద్దున ఒక్కసారి, బ్యాగు అడుగు రంధ్రాల నుంచి కారేదాకా పోయండి. గబగబా కుమ్మరిస్తే నీళ్లు అంచు వెంట జారిపోతాయి. కోకోపీట్ ఒకసారి బాగా ఎండితే నీళ్లు పీల్చుకోదు కూడా. అందుకని కొంచెం పోసి, ఆగి, మళ్లీ పోయాలి. సాయంత్రం వేలు పెట్టి చూసి, పొడిగా ఉంటేనే రెండోసారి. మే నెల వడగాలుల్లో ఆ రెండోసారి తప్పకపోవచ్చు. పైన రెండు మూడు అంగుళాల మందాన వరిగడ్డో, ఎండుటాకులో పరిస్తే సగం టెన్షన్ తగ్గుతుంది.

పిందెల గురించి చెప్పేముందు ఒక ప్రశ్న. రాత్రిపూట మీ సొరపూల దగ్గర పురుగులు ఏమైనా తిరుగుతున్నాయా?

తీగమల్లి

రాత్రి మేడ మీదికి వెళ్లనండీ. పగలు తేనెటీగలు మాత్రం బీరకీ కాకరకీ బాగానే వస్తున్నాయి.

విశాఖ బాల్కనీ (ఎం.వి.పి. కాలనీ)

ఇదే అసలు సంగతి. సొరపువ్వు సాయంత్రం విచ్చుకుంటుంది, తెల్లగా ఉండేది అందుకే. రాత్రి తిరిగే రెక్కల పురుగులు దాన్ని పరాగ సంపర్కం చేస్తాయి. పగలు వచ్చే తేనెటీగలకి దాంతో పెద్దగా పని లేదు, అప్పటికి పువ్వు వడలిపోతుంది. ఊళ్లో పెరడైతే ఆ పురుగులు వస్తాయి. మేడల మీద, లైట్ల మధ్య తక్కువ. ఆడపువ్వుకి పుప్పొడి అందకపోతే కింద ఉన్న పిందె రెండు మూడు రోజుల్లో కొస నుంచి పసుపు తిరిగి రాలిపోతుంది. మీరు రాసింది అచ్చం అదే.

చేత్తో చెయ్యండి. సాయంత్రం ఆరున్నర నుంచి ఎనిమిది లోపు, అప్పుడే విచ్చుకున్న మగపువ్వు కోసి, రెక్కలు తీసేసి, మధ్యలో ఉన్న పుప్పొడి కాడని ఆడపువ్వు మధ్యలో మెల్లగా రుద్దాలి. ఒక మగపువ్వు రెండు మూడు ఆడపూలకి సరిపోతుంది. ఆడపువ్వుకి కింద చిన్న కాయ ఆకారం ఉంటుంది, మగపువ్వుకి సన్నటి కాడ తప్ప ఏమీ ఉండదు. ఈ తేడా మీకు తెలిసే ఉంటుంది, కొత్తగా చదివేవాళ్ల కోసం రాస్తున్నాను.

ఒక్కో తీగకి ఒక్కో వేళ. బీర కూడా సాయంత్రమే విచ్చుకుంటుంది, కానీ సొరకంటే ముందే, ఎండ వాలుతుండగా. అందుకే దానికి తేనెటీగలు దొరుకుతాయి. నేతిబీర, కాకర, గుమ్మడి తెల్లవారుజామునే పూస్తాయి, వాటికి పొద్దున పని చెయ్యాలి. పొట్ల రాత్రి పూస్తుంది. పది గంటలకి లేచి బ్రష్ పట్టుకుని వెళ్లి గుమ్మడికి రుద్దితే లాభం ఉండదు.

ఓరుగల్లు అక్క

మంచిగ చెప్పినవు. పట్టిన పిందెని గుర్తుపట్టుడు కూడా సులువే తీగమల్లీ. రెండో రోజుకే కాడ వంగి పిందె కిందికి వేలాడుతుంది, నిగనిగలాడుతుంది. పట్టనిది అట్లనే నిలబడి రంగు మారుతుంది.

కరీంనగర్ కాకర (కరీంనగర్)

మా సొరకి అసలు ఆడపూలే లేవు. అన్నీ మగపూలే. రెండు నెలల తీగ. యూరియా కొంచెం వేస్తే వస్తాయంటున్నారు, వెయ్యమంటారా?

ఉద్యాన మిత్ర

వద్దు. యూరియా వేస్తే ఆకు, తీగ ఇంకా పెరుగుతాయి, ఆడపూలు ఇంకా ఆలస్యమవుతాయి. ఈ జాతి మొక్కలన్నిటికీ ముందు మగపూలు రావడం సహజం. ఎండ, వేడి ఎక్కువగా ఉన్నప్పుడు, నత్రజని ఎక్కువైనప్పుడు మగపూల వాటా పెరుగుతుంది. ఎరువు ఇవ్వాలనుకుంటే పొటాష్ ఉండేది ఇవ్వండి. కట్టెల బూడిద గుప్పెడు మట్టిలో కలిపినా చాలు. మళ్లీసారి విత్తినప్పుడు, మొక్క రెండు నుంచి నాలుగు ఆకుల దశలో ఉండగా లీటరు నీటికి 3-4 గ్రాముల బోరాక్స్ కలిపి పిచికారి చేస్తే ఆడపూలు పెరుగుతాయి. రైతులకు ఎప్పటి నుంచో చెప్పే సిఫార్సే ఇది. ఇప్పుడు తీగ పందిరెక్కాక దానివల్ల అంత ఫలితం ఉండదు.

విశాఖ బాల్కనీ

3జీ కటింగ్ చేసి చూడండి. మొదటి తీగ ఆరేడు అడుగులు ఎదిగాక కొస తుంచాలి. పక్క తీగలు వస్తాయి. అవి పదీ పన్నెండు ఆకులు వేశాక వాటి కొసలూ తుంచాలి. ఆ తర్వాత వచ్చే మూడో తరం తీగల మీద ఆడపూలు బాగా వస్తాయి.

గోదారి గట్టు

బాబూ, మా తాతల కాలంలో ఎవరూ తుంచలేదు. ఆనప పాదు పందిరెక్కితే దానంతట అదే కొమ్మలు వేస్తుంది, కాస్తుంది. చోటుంటే తుంచక్కర్లేదు.

విశాఖ బాల్కనీ

చోటుంటే మీ మాటే సరి బాబాయ్ గారూ. నాకున్నది ఆరడుగుల బాల్కనీ. తుంచకపోతే తీగ పై అంతస్తు వాళ్ల గ్రిల్‌కి వెళ్లిపోతుంది, కాయలు వాళ్లకే కాస్తాయి.

ఉద్యాన మిత్ర

ఇద్దరి మాటా నిజమే. సొరకి పక్క తీగల మీదే ఆడపూలు ఎక్కువ, కాబట్టి తుంచితే త్వరగా వస్తాయి. తుంచకపోయినా ఆలస్యంగా వస్తాయి. కాకరకి, బీరకి తుంచడం వల్ల అంత తేడా ఉండదు. బ్యాగులో పెంచేవాళ్లకి ఇంకో లాభం ఉంది, ఆకు అదుపులో ఉంటే నీళ్ల ఖర్చు తగ్గుతుంది. ఇరవై లీటర్ల పెయింట్ బకెట్‌లో సొర పెట్టి, తీగని పదిహేను అడుగులు పాకనిచ్చి, నీళ్లు చాలట్లేదని బాధపడే వాళ్లు మా నర్సరీకి చాలామంది వస్తారు. ఆ బకెట్‌లో ఉన్న మట్టి ఎంత నీరు పట్టుకోగలదో అంతే. సొరకి సగానికి కోసిన 200 లీటర్ల డ్రమ్ము మంచిది. అందులో ఒక్క మొక్కే.

తీగమల్లి

డ్రమ్ము అంటే బరువు ఎక్కువవుతుందని మావారు భయపడుతున్నారు.

ఉద్యాన మిత్ర

భయపడటంలో తప్పు లేదు. తడి మట్టి లీటరుకి కిలోన్నర పైనే తూగుతుంది. సగం డ్రమ్ము నిండా మట్టంటే 150 కిలోలు దాటుతుంది. శ్లాబు మధ్యలో పెట్టకండి. గోడలు, బీములు వెళ్లే చోట, అంచుల వెంట పెట్టండి. కింద ఇటుకలు పెట్టి ఎత్తు చేస్తే నీళ్లు నిలవవు, శ్లాబు చెమ్మగిల్లదు.

అనంత మట్టి (అనంతపురం)

నీళ్లు లేని ఊరి నుంచి రాస్తున్నా. మాకు ఏడాది సగటు వర్షం 550 మిల్లీమీటర్ల దగ్గరే, మార్చి వచ్చిందంటే ట్యాంకర్ కోసం ఎదురుచూడాల. అయినా కాకర, సొర, బీర తింటున్నాం. మేం చేసేది కుండ పద్ధతి.

నాలుగైదు లీటర్లు పట్టే మట్టికుండ తీసుకోండి. లోపల గానీ బయట గానీ రంగు, మెరుగు ఏదీ ఉండకూడదు, కుమ్మరి దగ్గర దొరికే మామూలు కుండే కావాల. మెడ దాకా మట్టిలో పాతి, నీళ్లు నింపి, మూత పెట్టాల. మూత లేకపోతే దోమలు గుడ్లు పెడతాయి, నీళ్లు ఆవిరైపోతాయి. కుండ చుట్టూ జానెడు దూరంలో రెండు మూడు విత్తనాలు పెట్టండి. మట్టి ఆరుతున్న కొద్దీ కుండ గోడ నుంచి నీళ్లు బయటికి ఊరతాయి, మట్టి తడిగా ఉంటే ఊరడం తగ్గుతుంది. అంటే ఎంత కావాలో మొక్కే తీసుకుంటుంది. వేళ్లు వచ్చి కుండని చుట్టుకుంటాయి. పైన మట్టి పొడిగా ఉంటుంది కాబట్టి కలుపు కూడా తక్కువ. ఊరికి పోవాలన్నా రెండు రోజులు ధైర్యంగా పోవచ్చు.

మొలక దశలో మాత్రం పైనుంచి కొంచెం నీళ్లు పోయాల, అప్పటికి వేరు కుండ దాకా రాదు కదా. బోరు నీళ్లు ఉప్పగా ఉంటే కొన్నాళ్లకి కుండ రంధ్రాలు మూసుకుపోతాయి. పంట అయ్యాక తీసి, కొబ్బరి పీచుతో రుద్ది ఎండబెట్టాల. మరీ మూసుకుపోతే కొత్త కుండే.

తీగమల్లి

ఇది చాలా నచ్చింది అన్నా. బోరు నీళ్లంటే గుర్తొచ్చింది, మా బ్యాగుల అంచుల మీద తెల్లటి పొర కడుతోంది. ఏమైనా ప్రమాదమా?

ఉద్యాన మిత్ర

అది నీళ్లలోని ఉప్పు, సున్నం. నీరు ఆవిరైపోతుంది, అవి మిగులుతాయి. ఎక్కువైతే ఆకు అంచులు మాడతాయి. రోజూ కొంచెం కొంచెం నీళ్లు పోసేవాళ్లకే ఈ పొర ఎక్కువ కడుతుంది. అందుకే అడుగు నుంచి కారేదాకా పొయ్యమన్నాను, కొంత ఉప్పు కడిగేసుకుని పోతుంది. పై పొర గీకి తీసేసి కొత్త ఎరువు వెయ్యండి. ఏసీ నుంచి కారే నీళ్లు పట్టి బోరు నీళ్లలో కలపొచ్చు, వాటిలో లవణాలు ఉండవు. వాన నీళ్లు దొరికితే అంతకంటే మంచివి లేవు.

డాలస్ పెరడు (టెక్సాస్)

ఇక్కడి తెలుగువాళ్లం కూడా ఈ చర్చ చదువుతున్నాం. మా పెరట్లో సొర జూన్‌కే బాగా కాస్తుంది. బీర మాత్రం ఆగస్టు చివరిదాకా తీగే, కాయ కనిపించదు. నీళ్లు డ్రిప్ మీద ఇస్తున్నాం, స్ప్రింక్లర్‌తో ఇక్కడ ఎండాకాలంలో ఉదయం 10 నుంచి సాయంత్రం 6 దాకా పెట్టకూడదు. నీళ్ల లోపమా?

ఉద్యాన మిత్ర

కాదండీ, పగటి పొడవు. బీర పగలు తగ్గుతుంటే పూసే రకం మొక్క. డాలస్‌లో జూన్ పగలు 14 గంటలు దాటుతుంది. హైదరాబాద్‌లో 13 గంటల పైచిలుకే. ఆగస్టు, సెప్టెంబరుల్లో పగలు తగ్గాక మీ బీర పూస్తుంది. అప్పటికి తీగ బలంగా ఉండేలా చూసుకోండి, ఈలోగా నత్రజని ఇవ్వకండి. స్ప్రింక్లర్ ఆపేయమన్న రూల్ మీ తీగలకి మేలే. ఆకు తడిస్తే బూజు తెగులు వస్తుంది, మొక్క మొదలు దగ్గర పోస్తే చాలు.

డాలస్ పెరడు

ధన్యవాదాలు. అమ్మ ఊరి నుంచి ఫోన్ చేసినప్పుడల్లా "నీళ్లు సరిగ్గా పొయ్యట్లేదేమో" అంటుంది. ఇది చదివి వినిపిస్తాను.

కరీంనగర్ కాకర

నా కాకరకి ఇంకో బాధ. కాయ చిన్నగా ఉండగానే ఒక వైపు వంకర తిరుగుతుంది, కోస్తే లోపల తెల్ల పురుగులు. ఎర పెట్టే డబ్బా తెచ్చి కట్టిన, ఒక్క ఈగ కూడా పడలే.

అనంత మట్టి

పండు ఈగ అది. లేత కాయకి గుచ్చి లోపల గుడ్లు పెడుతుంది. డబ్బాలో ఏ బిళ్ల ఉందో చూడన్నా. మామిడికి వాడే మిథైల్ యూజినాల్ బిళ్ల ఉంటే తీగ జాతి ఈగ దాని జోలికి రాదు. దీనికి క్యూ ల్యూర్ అని అడగాల. షాపులో రెండూ ఒకేలాంటి డబ్బాలో ఉంటాయి.

ఉద్యాన మిత్ర

సరిగ్గా చెప్పారు. దాంతో పాటు ఇంకొన్ని చెయ్యాలి, ఎందుకంటే ఆ డబ్బాకి పడేది మగ ఈగలే. పుచ్చిన కాయల్ని మొక్క కింద వదలొద్దు, కంపోస్టులోనూ వెయ్యొద్దు. పురుగు మట్టిలోకి దిగి కోశస్థ దశలో ఉంటుంది, మళ్లీ ఈగై వస్తుంది. ఆ పుచ్చిన కాయల్ని ప్లాస్టిక్ కవర్లో మూటగట్టి రెండు మూడు రోజులు మండుటెండలో పెట్టండి. మొక్క మొదట్లో మట్టిని అప్పుడప్పుడు పైపైన కదపండి, కోశాలు ఎండకి చస్తాయి. ఇళ్లలో అన్నిటికంటే నమ్మకమైనది మాత్రం కాయకి తొడుగు. పిందె పట్టిన వెంటనే న్యూస్‌పేపర్ గొట్టమో, పలచటి గుడ్డ సంచో తొడిగి దారంతో కట్టండి. ఇరవై కాయలుండే పందిరికి అదేమంత పని కాదు.

ఒక జాగ్రత్త కూడా. బూడిద తెగులు వచ్చిందని గంధకం మందులు చల్లకండి. సొర, బీర, కాకర, దోస జాతి ఆకులు గంధకానికి మాడిపోతాయి. ఒక వంతు పాలు, తొమ్మిది వంతుల నీళ్లు కలిపి పొద్దున పూట ఆకులకి రెండు వైపులా చల్లి చూడండి. 1999లో బ్రెజిల్‌లో జుకినీ (గుమ్మడి జాతి కూరగాయ) మీద పాలు చల్లి చేసిన పరిశోధనలో బూడిద తెగులు బాగా తగ్గింది. తెగులు మొదట్లోనే చల్లాలి, ఆకంతా తెల్లబడ్డాక కాదు.

ఓరుగల్లు అక్క

అందరూ ఇంత మంచిగ చెప్తున్నరు కాబట్టి నేనొక ముఖ్యమైన మాట చెప్తా, దీన్ని ఎవరూ తేలిగ్గా తీసుకోవద్దు. సొరకాయ కోసిన తర్వాత చిన్న ముక్క నాలుక మీద పెట్టి చూడండి. చేదుంటే ఉమ్మేసి, కాయ మొత్తం పారేయండి. పొట్టు తీస్తే పోతుందని, ఉప్పు వేస్తే పోతుందని వండొద్దు. ఆ చేదు కుకుర్బిటాసిన్ అనే విషం. వండినా పోదు. చేదు సొరకాయ రసం తాగి మన దేశంలో ప్రాణాలు పోయిన సంఘటనలు ఉన్నాయి. అప్పుడు ఐసీఎంఆర్ (భారత వైద్య పరిశోధన మండలి) నిపుణుల కమిటీ కూడా దీన్ని పరిశీలించి, చేదుగా ఉంటే తాగొద్దని చెప్పింది. పొద్దున్నే ఆరోగ్యం కోసమని సొరరసం తాగేవాళ్లు తప్పకుండా రుచి చూడాలి. అల్లం, నిమ్మ, పుదీనా కలిపితే చేదు తెలియదు, అదే ప్రమాదం. తాగినంక వాంతులు, విరేచనాలు, కడుపులో మంట మొదలైతే ఇంట్లో చిట్కాలు చేసుకుంట కూర్చోవద్దు, వెంటనే ఆస్పత్రికి పోవాలి.

తీగమల్లి

అమ్మో, ఇది తెలియదు. ఇంట్లో పెంచినదైతే చేదు ఉండదనుకునేదాన్ని. చేదు ఎందుకొస్తుంది?

ఉద్యాన మిత్ర

ఎక్కువగా విత్తనం నుంచే. మేలు రకాల్లో ఆ చేదుని ఎంపిక చేసి తగ్గించారు. పొలాల గట్ల మీద పెరిగే చేదు సొరతో దగ్గర్లో పరాగం కలిస్తే ఆ ఏడాది కాయకి ఏమీ కాదు, కానీ అందులోని గింజ విత్తితే వచ్చే మొక్క చేదు కాయలు కాయొచ్చు. అందుకే ఇంట్లో విత్తనం కట్టాలనుకునేవాళ్లు ఆడపువ్వు విచ్చుకోకముందే సాయంత్రం గుడ్డ సంచి కట్టి, అదే తీగ మగపువ్వుతో చేత్తో పరాగం చేసి, మళ్లీ మూసేయాలి.

బెట్ట, విపరీతమైన వేడి కూడా చేదుని పెంచుతాయి. కాయ ఊరే దశలో ఒకరోజు ఎండగట్టి, మర్నాడు ముంచెత్తడం మంచిది కాదు. అలా చేస్తే కాకరకాయలు కూడా వంకర పోతాయి, ఒక్కోసారి కాయ కొస మెత్తబడి కుళ్లుతుంది. మొగ్గ దశ నుంచి కోత దాకా తడి ఒకే తీరుగా ఉండాలి. విత్తనాల దగ్గరి నుంచి చెప్పాలంటే, సొరలో పూసా నవీన్, అర్కా బహార్, బీరలో మన జగిత్యాల లాంగ్, కాకరలో అర్కా హరిత్ ఇళ్లలో బాగానే వస్తాయి. ఇవి హైబ్రిడ్‌లు కావు కాబట్టి గింజ కట్టుకోవచ్చు.

గోదారి గట్టు

జగిత్యాల లాంగ్ మా దగ్గరా వేస్తాం. తొక్కు పచ్చడికి దాని తర్వాతే ఏదైనా. కాయ ముదరనివ్వకండమ్మా, గోరు గుచ్చితే సుళువుగా దిగాలి. ముదిరిన కాయ తీగ మీద ఉంటే కొత్త పిందె రాదు. విత్తనానికి ఒక్కటి ఉంచుకుని మిగతావి లేతగానే కోసేయండి.

విశాఖ బాల్కనీ

పొట్లకాయకి రాయి కట్టడం గురించి ఎవరూ చెప్పలేదు. కట్టాలా?

గోదారి గట్టు

కట్టాలి బాబూ. పిందె జానెడు కాగానే కొసకి చిన్న రాయి పురికొసతో వేలాడదీస్తే కాయ పాములా మెలి తిరక్కుండా నిటారుగా దిగుతుంది. బరువెక్కువైతే తెగిపోతుంది, గోళీకాయ కంటే కాస్త పెద్దది చాలు. పొట్టి రకాలకి అవసరం లేదు.

తీగమల్లి

అందరికీ అప్‌డేట్. మీరు చెప్పినట్టు పొద్దున ఒక్కసారే నిండుగా పోస్తున్నాను, పైన ఎండుటాకులు పరిచాను. మధ్యాహ్నం ఆకులు ఇంకా కొంచెం వాలుతూనే ఉన్నాయి, పట్టించుకోవడం మానేశాను. నాచు పోయింది. సాయంత్రం పూట మా అత్తగారే మగపువ్వు పట్టుకుని మేడెక్కుతున్నారు, నన్ను ముట్టుకోనివ్వట్లేదు! పిందెలు నిలిచాయి. మొదటి కాయ కోసి, ముక్క రుచి చూసి, సొరకాయ పాలు పోసి కూర వండాం. కుండ కూడా ఒకటి బీర బ్యాగులో పాతాను అన్నా.

ఇప్పుడు వర్షాకాలం సంగతి చెప్పండి. జూన్‌లో మళ్లీ విత్తనాలు పెట్టాలనుకుంటున్నాను.

అనంత మట్టి

చాలా సంతోషం తల్లీ. కుండ మూత మర్చిపోవద్దు.

ఉద్యాన మిత్ర

జూన్, జూలై బాగుంటాయి, వీటి అసలు సీజన్ అదే. కాకర గింజ పెంకు గట్టిది, రాత్రంతా నానబెట్టి విత్తండి. మొలకకి రెండు ఆకులు రాగానే గుమ్మడి పెంకు పురుగు వచ్చి ఆకుల్ని జల్లెడ చేస్తుంది, పొద్దున చల్లగా ఉన్నప్పుడు చేత్తో ఏరేసి కట్టెల బూడిద చల్లండి. వానాకాలంలో నీళ్లు పొయ్యడం కంటే నీళ్లు బయటికి పోనివ్వడం మీ పని. బ్యాగు రంధ్రాలు వేళ్లతో, మట్టితో మూసుకుపోయి ఉంటాయి, ఇప్పుడే పుల్లతో పొడిచి చూసుకోండి. ముసురు పట్టినప్పుడు పైన పరిచిన ఆకులు తీసేయండి. కింది ముదురాకులు కోసేస్తే గాలి ఆడుతుంది, బూజు తగ్గుతుంది. రెండు రోజులు వాన పడలేదంటే మాత్రం వేలు పెట్టి చూడండి, మబ్బు పట్టినా బ్యాగులో మట్టి ఆరిపోతూనే ఉంటుంది.

కరీంనగర్ కాకర

నేను క్యూ ల్యూర్ బిళ్ల తెచ్చి కట్టిన. పొద్దున చూస్తే డబ్బా అడుగున ఈగలు పడి ఉన్నాయి. ఆ బిళ్ల ఎన్ని రోజులకు మార్చాలె?

ఉద్యాన మిత్ర

ప్యాకెట్ మీద రాసి ఉన్నంత వరకు ఉంచండి, మామూలుగా నెలన్నర పైనే వస్తుంది. ఈగలు పడటం ఒక్కసారిగా ఆగిపోతే ముందే మార్చండి. డబ్బాలో చచ్చిన ఈగల్ని వారానికోసారి తీసేస్తుండండి, డబ్బా వాన నీళ్లు పడని చోట, పందిరి ఎత్తులో ఉండాలి.